కొండ కనిపిస్తుంది, బస్సు వెళ్లదు

వేసవి ఆదివారాల్లో లాస్ ఏంజెలెస్‌కు ఉత్తరాన ఉన్న సాన్ గేబ్రియేల్ కొండల దారి పొద్దెక్కేసరికి కార్లతో నిండిపోతుంది. అజూసా పట్టణం దాటి లోయలోకి మలుపు తిరిగాక, ఈస్ట్ ఫోర్క్ అని పిలిచే ఏటి పాయ వెంబడి, బండరాళ్ల మధ్య నీళ్లు కాస్త నిలిచిన చోటల్లా కుటుంబాలు దిగి ఉంటాయి. వాళ్లలో ఎక్కువమంది నగరంలోని లాటినో (మెక్సికో, ఇతర లాటిన్ అమెరికా దేశాల మూలాలున్నవారి) బస్తీల నుంచి వచ్చినవాళ్లే. బొగ్గుల పొయ్యి మీద మాంసం కాలుతుంటుంది, పిల్లలు రాళ్లు పేర్చి నీటికి అడ్డుకట్టలు కడుతుంటారు, పెద్దవాళ్లు మడత కుర్చీలు ఏట్లోకే లాక్కుని కాళ్లు తడుపుకుంటూ కూర్చుంటారు. అటవీ శాఖకు ఇదంతా చాలాకాలం చెత్త సమస్యగా, పార్కింగ్ సమస్యగా, చేపల ఉనికికి ముప్పు తెచ్చే రాతి కట్టల సమస్యగా కనిపించింది. ఆ సమస్యలు నిజమైనవే. కాని ఈ ఏటి ఒడ్డును ఒక్కసారి చూసినవారెవరూ లాటినోలకు ప్రకృతి మీద ఆసక్తి లేదని అనలేరు.

అయినా ఆ మాట అమెరికాలో దశాబ్దాలుగా చలామణిలో ఉంది. జాతీయ ఉద్యానాలకు వచ్చేవారి లెక్కల్లో లాటినోల వాటా జనాభాలో వారి వాటా కంటే బాగా తక్కువగా తేలినప్పుడల్లా, అది సంస్కృతికి సంబంధించిన విషయమనీ, వాళ్లకు కొండలెక్కే అలవాటు లేదనీ తేలికగా చెప్పేసేవారు. కారణాన్ని మనుషుల అభిరుచిలో వెతికితే పరిష్కారం ప్రచారంలో కనిపిస్తుంది: స్పానిష్‌లో నాలుగు పోస్టర్లు వేసి, ఏడాదికో ఉత్సవం జరిపితే సరిపోతుంది. కారణం నేల పంపకంలో, రవాణాలో, చట్టంలో ఉందని ఒప్పుకుంటే పని చాలా పెద్దదవుతుంది. లాటినో నగరవాసులను ప్రకృతికి చేరువ చేయడానికి పూనుకున్న కమ్యూనిటీ ఆర్గనైజర్ల, అంటే బస్తీల్లో జనాన్ని కూడగట్టేవారి, అనుభవం రెండో వైపే వేలు చూపిస్తోంది. వారిలో కొందరు పిల్లలను అడవికి తీసుకెళ్తారు, కొందరు మునిసిపల్ కార్యాలయాల్లో స్థలాల కోసం తగవులాడతారు. పైకి వేర్వేరుగా కనిపించే ఈ రెండు పనులూ నిజానికి ఒకే పని.

ఈ దూరం ఎంతో చెప్పే లెక్క ఒకటి 2020లో వెలువడింది. సెంటర్ ఫర్ అమెరికన్ ప్రోగ్రెస్, హిస్పానిక్ యాక్సెస్ ఫౌండేషన్ కలిసి ప్రచురించిన ఆ నివేదిక ప్రకారం, అమెరికా ప్రధాన భూభాగంలో శ్వేతేతరులు నివసించే ప్రాంతాల్లో 74 శాతం ప్రకృతి కొరవడిన ప్రాంతాలు. శ్వేతజాతీయుల ప్రాంతాల్లో అవి 23 శాతం మాత్రమే. కట్టడాలు, రోడ్లు, గనులు, పొలాలు సహజ భూమిని ఎంతమేరకు మింగేశాయన్నది దీనికి కొలమానం. అంటే ఇక్కడ కొలిచింది మనుషులు ఎన్నిసార్లు అడవికి వెళ్లారన్నది కాదు, వాళ్ల ఇంటి చుట్టూ ఏం మిగిలిందన్నది.

ఆ మిగలకపోవడం దానంతట అది జరగలేదు. ఇరవయ్యో శతాబ్దపు మొదటి సగంలో దక్షిణ కాలిఫోర్నియా పట్టణాల్లో మెక్సికన్ సంతతి పిల్లలను బహిరంగ ఈత కొలనుల్లోకి వారానికి ఒక్కరోజే రానిచ్చేవారు. పాసడీనాలోని బ్రూక్‌సైడ్ కొలనులో ఆ రోజు అయ్యాక నీళ్లన్నీ తోడేసి మళ్లీ నింపేవారు. సాన్ బెర్నార్డినోలో పార్కులోకీ, కొలనులోకీ మెక్సికన్ సంతతివారిని రానివ్వకపోవడాన్ని అక్కడివాళ్లు కోర్టుకెక్కించారు. లోపెజ్ వర్సెస్ సెకూమ్ అనే ఆ కేసులో 1944లో ఫెడరల్ న్యాయస్థానం నగరపాలక సంస్థ చేసింది రాజ్యాంగ విరుద్ధమని తీర్పు చెప్పింది. బడుల్లో జాతి వివక్షను కొట్టేసిన సుప్రీంకోర్టు ప్రసిద్ధ తీర్పుకు ఇది పదేళ్లు ముందుది. అయినా దీన్ని తలచుకునేవారు తక్కువ.

తీర్పుతో గేటు తెరుచుకున్నా గేటు వెనుక ఉండాల్సిన పార్కు కూడా ఉండాలి కదా. 1930లలో గృహరుణాల కోసం ఫెడరల్ సంస్థ గీసిన పటాల్లో లాస్ ఏంజెలెస్ తూర్పు భాగంలోని బాయిల్ హైట్స్‌కు ఎర్రరంగు పడింది. ఎర్రరంగంటే అప్పివ్వడం ప్రమాదకరమని. రుణం దొరకని చోట ఇళ్లు పాతబడ్డాయి, స్థలం చవకైంది. స్థలం చవకైన చోటు నుంచే ఫ్రీవేలు, అంటే వేగ రహదారులు, వేయడం ఇంజనీర్లకు సులువైంది. అదే బస్తీలో 1892 నాటి హాలెన్‌బెక్ పార్కు ఉంది. చెరువు, చెట్లు, నడకదారి అన్నీ ఉన్న ఆ పార్కు పడమటి అంచు మీదుగానే గోల్డెన్ స్టేట్ ఫ్రీవే స్తంభాలు నిలబెట్టి కట్టారు. ఈ రోజు కూడా చెరువు గట్టున కూర్చున్నవారికి బాతుల అరుపు కంటే లారీల హోరే ఎక్కువగా వినిపిస్తుంది. 1938 వరదల తరువాత సైన్యపు ఇంజనీరింగ్ విభాగం 51 మైళ్ల లాస్ ఏంజెలెస్ నదిలో అత్యధిక భాగాన్ని కాంక్రీటు కాలువగా మార్చింది. దాంతో నది ఒడ్డున పుట్టి పెరిగిన పిల్లలకు నది అంటే ఇనుప కంచె వెనుక కనిపించే సిమెంటు గుంట అయింది.

ఇదంతా చెప్పుకున్నాక ఆర్గనైజర్ చేసే పనిని దగ్గరగా చూడడానికి షికాగో వెళ్లాలి. నగరానికి నైరుతి దిక్కున లిటిల్ విలేజ్ అనే పేట ఉంది. జనాభాలో అత్యధికులు మెక్సికన్ సంతతివారు. 26వ వీధి పొడవునా పెళ్లి గౌన్ల దుకాణాలు, బేకరీలు, మాంసం అంగళ్లు. వ్యాపారంలో షికాగోలోని పేరుమోసిన బజార్లతో పోటీపడే ఆ వీధి వెనుక చిన్న చిన్న ఇళ్లలో కిక్కిరిసిన జనం, వారిలో పిల్లలు చాలామంది. పేట దక్షిణ అంచున 1924లో మొదలైన క్రాఫర్డ్ బొగ్గు విద్యుత్ కేంద్రం ఉండేది. పక్కనున్న పిల్సెన్ పేటలో దానికంటే పాతదైన ఫిస్క్ కేంద్రం. హార్వర్డ్ ప్రజారోగ్య పరిశోధకులు ఈ రెండు చిమ్నీల వల్ల ఏటా 40కి పైగా అకాల మరణాలు, 2,800 ఆస్తమా దాడులు సంభవిస్తున్నాయని అంచనా వేశారు.

అక్కడ 1994లో ఒక బడి పిల్లల తల్లిదండ్రులు ఒక చిన్న విషయంలో గొడవకు దిగారు. పిల్లలు తరగతుల్లో ఉండగానే భవనానికి మరమ్మతులు చేయబోతున్నారనీ, ఆ దుమ్మంతా పిల్లల ఊపిరితిత్తుల్లోకి పోతుందనీ వారి ఫిర్యాదు. ఆ గొడవలోంచి పుట్టిందే లిటిల్ విలేజ్ పర్యావరణ న్యాయ సంస్థ. కొన్నేళ్లకు ఆ సంస్థలోకి ఆర్గనైజర్‌గా వచ్చిన కింబర్లీ వాసర్‌మన్ ఆ పేట బిడ్డే. నెలల పసికందుగా ఉన్న తన కొడుక్కి ఆస్తమా వచ్చినప్పుడు దానికి చుట్టూ ఉన్న గాలి కారణమని తెలుసుకున్న ఆమె, పక్కింటి తలుపు నుంచి మొదలుపెట్టి పేటంతా తిరిగారు.

ఇంటింటికీ తిరగడమన్నది వినడానికి సాధారణంగా ఉంటుంది కాని ఈ మొత్తం వ్యవహారానికి ఇరుసు అదే. తలుపు తట్టినవాళ్లు కరపత్రం చేతిలో పెట్టి వెళ్లిపోతే అది ప్రచారం. లోపలికి వెళ్లి కూర్చుని, మీకు ఇక్కడ ఏం కావాలని అడిగి, చెప్పింది రాసుకుని, వారం తరువాత అదే విషయమై మళ్లీ వస్తే అది ఆర్గనైజింగ్. జనం విద్యుత్ కేంద్రం పొగ గురించి చెప్పారు. దాంతో పాటు పార్కు లేదనీ, బస్సు లేదనీ చెప్పారు. పేటలో ఉన్న ఒక్క పెద్ద పార్కు పడమటి కొసన ఉండేది. తూర్పు భాగంలోని యువకులకు అక్కడికి వెళ్లాలంటే ముఠాల హద్దు దాటాలి. పటంలో చూస్తే నడిచి వెళ్లగలిగిన దూరమే, పదిహేనేళ్ల పిల్లవాడికి మాత్రం ప్రాణభయం. ప్రణాళికా శాఖ దగ్గరున్న తలసరి పచ్చదనం లెక్కల్లో ఈ హద్దు ఎక్కడా ఉండదు. దాన్ని తెలుసుకునే మార్గం వంటింట్లో బల్ల ముందు కూర్చుని వినడం తప్ప మరొకటి లేదు.

తూర్పున ఖాళీగా పడి ఉన్న స్థలం ఒకటుంది. సెలోటెక్స్ అనే సంస్థ 1982 దాకా అక్కడ తారు పూసిన ఇంటికప్పు సామగ్రి తయారుచేసేది. నేలలోకి ఇంకిన కాన్సర్ కారక రసాయనాలు వానపడ్డప్పుడు చుట్టుపక్కల ఇళ్ల పెరళ్లలోకి కూడా చేరాయి. ఇరవై ఎకరాలు దాటిన ఆ స్థలాన్ని శుద్ధి చేయించి పార్కుగా మార్చాలని లిటిల్ విలేజ్ పర్యావరణ న్యాయ సంస్థ పట్టుపట్టింది. ఫెడరల్ పర్యావరణ పరిరక్షణ సంస్థ దాన్ని విషపూరిత స్థలాల కోసం ఉద్దేశించిన సూపర్‌ఫండ్ కార్యక్రమం కింద శుద్ధి చేయించడం, కాలుష్య బాధ్యత వహించిన కంపెనీ ఖర్చు భరించడం, పైన శుభ్రమైన మట్టి పరవడం, నగర పార్కుల విభాగం స్థలాన్ని కొనడం, ఒక్కో మెట్టుకు ఏళ్లు పట్టింది. 2012లో రెండు విద్యుత్ కేంద్రాలూ మూతపడ్డాయి. 2013లో వాసర్‌మన్‌కు గోల్డ్‌మన్ పర్యావరణ పురస్కారం వచ్చింది. 2014 డిసెంబర్‌లో ఆ స్థలంలో లా విల్లితా పార్కు తెరుచుకుంది. కుక్ కౌంటీ జైలుకు కూతవేటు దూరంలో సాకర్ మైదానాలు, స్కేట్ పార్కు, పిల్లల ఆటస్థలం, నడకదారి. బడి తల్లిదండ్రుల గొడవ నుంచి లెక్కేస్తే ఇరవై ఏళ్లు.

సాకర్ మైదానంలో వేసినది కృత్రిమ గడ్డి. ఇది ప్రకృతా అని ఎవరైనా అడిగితే ఆ ప్రశ్నలో న్యాయం లేకపోలేదు. కాని విషపూరితమైన నేల మీద గడ్డి మొలిపించడానికి పట్టే కాలం, ఖర్చు తెలిసినవారు తొందరపడి వెక్కిరించరు. అదే సంస్థ పేటలోని మరో పాడుపడ్డ స్థలాన్ని శుభ్రం చేయించి సామూహిక తోటగా మార్చింది. మెక్సికో పల్లెల నుంచి వచ్చిన పెద్దలు అక్కడ మిరప, మొక్కజొన్న, గుమ్మడి, తమకు చిన్నప్పుడు తెలిసిన ఆకుకూరలు పండిస్తారు. నగరంలో పుట్టిన మనుమలు వాటి పేర్లు వాళ్ల దగ్గరే నేర్చుకుంటారు. ప్రకృతి గురించి నేర్పేది బయటి నుంచి వచ్చిన గైడే అయి తీరాలన్న భావన ఈ తోటలో నిలవదు.

గెలిచాక కూడా కథ సుఖాంతం కాలేదు. కరోనా మొదటి విడత ఉధృతంగా ఉన్న 2020 ఏప్రిల్ 11న క్రాఫర్డ్ చిమ్నీని దాని కొత్త యజమానులు పేలుడు పదార్థాలతో కూల్చేసరికి దుమ్ము మేఘం పేటంతా కమ్మేసింది. శ్వాసకోశ వ్యాధితో జనం చనిపోతున్న వారాల్లో జరిగిన ఆ పనికి నగర ప్రభుత్వం అనుమతి ఇచ్చింది. ఆ స్థలంలో పార్కో, ఉపాధి శిక్షణ కేంద్రమో రావాలని కోరుకున్న పేటకు చివరికి దక్కింది లారీలు వచ్చిపోయే భారీ గోదాము. స్థలం ఎవరిదన్న ప్రశ్న తేలకుండా గాలి, చెట్టు, నీరు ఎవరివన్నది తేలదని లిటిల్ విలేజ్‌కు రెండోసారి అర్థమైంది.

రెండో రకం పని, అంటే మనుషులను అడవిలోకి తీసుకెళ్లే పని, దీనికి భిన్నమైన చోట మొదలవుతుంది. కాలిఫోర్నియాలో ఉపాధ్యాయుడిగా పనిచేసిన హోసే గొంజాలెజ్ 2013లో లాటినో ఔట్‌డోర్స్ అనే సంస్థను స్థాపించారు. అప్పటికే చాలా ఊళ్లలో ఇలాంటి పని చేస్తున్నవాళ్లు విడివిడిగా ఉన్నారు, ఒకరి సంగతి ఒకరికి తెలియదు. స్వచ్ఛంద కార్యకర్తలే నడిపే ఆ సంస్థ ఇప్పుడు చాలా రాష్ట్రాలకు విస్తరించింది. కుటుంబాలతో కలిసి వెళ్లే యాత్రలు ఒక భాగమైతే, ప్రకృతితో తమకున్న అనుబంధాన్ని లాటినోలే తమ మాటల్లో చెప్పుకోవడానికి వేదిక ఇవ్వడం మరో భాగం. ఈ రెండో భాగాన్ని తేలికగా తీసుకోకూడదు. పర్వతారోహణ పత్రికల్లో, బూట్ల ప్రకటనల్లో ప్రకృతి అంటే శిఖరం మీద ఒంటరిగా నిలబడ్డ మనిషి. ఆ బొమ్మలో తనను చూసుకోలేనివాడు తనకు ప్రకృతి తెలియదనే అనుకుంటాడు, జీవితమంతా పొలంలో గడిపినా సరే.

అమెరికా వ్యవసాయ కూలీల్లో అత్యధికులు లాటినోలే. స్ట్రాబెర్రీ తోటల్లో నడుము వంచి పనిచేసినవాళ్లకు మట్టి, ఎండ, పురుగుమందు అన్నీ తెలుసు. సీసర్ చావెజ్ నాయకత్వంలోని వ్యవసాయ కార్మికులు 1960ల చివరికే ద్రాక్షతోటల ఒప్పందాల్లో డీడీటీ వాడకాన్ని నిషేధించే షరతులు పెట్టించారు, దేశవ్యాప్త నిషేధం 1972లో గాని రాలేదు. అలాంటి ఇంట్లో పెరిగిన పిల్లవాడు బడిలో గుడారాల విడిదికి పేరిచ్చి వస్తే, నేల మీద పడుకోవడం తప్పించుకోవడానికే కదా మేం ఇంత దూరం వచ్చామని తండ్రి అనడంలో అజ్ఞానమేమీ లేదు. అనుభవమున్న ఆర్గనైజర్ ఆ తండ్రితో వాదించడు; ఆయనను కూడా రమ్మంటాడు.

ఒక్క యాత్ర ఏర్పాటు చేయడంలో ఎన్ని ముళ్లుంటాయో చూస్తే ఈ పని స్వభావం తెలుస్తుంది. దక్షిణ కాలిఫోర్నియా అడవుల్లో చాలాచోట్ల కారు నిలపాలంటే రోజుకు 5 డాలర్ల పాస్ కావాలి. అది చాలాచోట్ల ట్రెయిల్ (కొండ నడకదారి) మొదట్లో దొరకదు, ముందే కొనుక్కుని రావాలి. ఆ సంగతి మొదటిసారి వచ్చేవాడికి ఎవరూ చెప్పరు. వారాంతపు షిఫ్టు ఉన్నవారికి శనివారం యాత్ర కుదరదు. అమ్మమ్మను ఇంట్లో వదిలి రావడం కుదరదు కనుక నడక రెండు మైళ్లు మించకూడదు, దారిలో కూర్చునే నీడ ఉండాలి. పిల్లలకు చలికోటు ఉండకపోవచ్చు, అడిగితే చిన్నతనం, కాబట్టి అడగకుండానే అదనపు కోట్లు వ్యానులో ఉండాలి. అంగీకార పత్రం స్పానిష్‌లో ఉంటే చాలదు. అందులో గుర్తింపు కార్డు నంబరు అడిగే గడి ఉంటే ఆ కుటుంబం మళ్లీ కనిపించదు. వీటిలో ఏ ఒక్కటీ పెద్ద విషయం కాదు, ఏ ఒక్కటి తప్పినా యాత్ర తప్పుతుంది.

ఇక భోజనం సంగతి. అటవీ శాఖ పరిశోధకురాలు డెబొరా చావెజ్ ఈ కొండల్లోనే ఏళ్ల తరబడి సందర్శకులను అధ్యయనం చేశారు. లాటినో కుటుంబాలు పెద్ద బృందాలుగా వస్తాయి, నీటి దగ్గర రోజంతా గడుపుతాయి, వంట అక్కడే చేసుకుంటాయి. పిక్నిక్ స్థలాలేమో నలుగురి కుటుంబం ఒక బల్ల దగ్గర కూర్చుని శాండ్‌విచ్ తిని వెళ్లిపోతుందన్న ఊహతో కట్టినవి. కార్తీకమాసంలో ఉసిరిచెట్టు నీడన వనభోజనాలకు వెళ్లిన తెలుగువారికి, ఆ అలవాటునే డాలస్ పార్కులకూ న్యూజెర్సీ పార్కులకూ తీసుకెళ్లిన ప్రవాసులకూ ఇందులో వింతేమీ కనిపించదు. ఇరవైమంది కలిసి తినలేని చోటు చోటే కాదు. బల్లలను కలిపి వేయడం, పొయ్యిలు పెంచడం, చెత్తడబ్బాలను ఏటి దగ్గరకు తేవడం వంటి మార్పులు ఏ ప్రచారం కంటే ఎక్కువ పనిచేస్తాయి. చెత్త సమస్యలో కొంత భాగం డబ్బాల సమస్యేనని ఒప్పుకోవడానికి అధికారులకు చాలా ఏళ్లు పట్టింది.

చర్చిల పాత్రను కూడా చెప్పుకోవాలి. 2010లో మైతే ఆర్సే స్థాపించిన హిస్పానిక్ యాక్సెస్ ఫౌండేషన్ పాస్టర్ల ద్వారా పనిచేస్తుంది. 2014 నుంచి ఏటా లాటినో సంరక్షణ వారం జరుపుతోంది. అపరిచితుడు పిలిస్తే రాని కుటుంబం పాస్టర్ పిలిస్తే వస్తుంది. అంతకు మించి, యాత్రల్లో కలిసిన వారే తరువాత సెనెటర్ కార్యాలయానికి ఉత్తరాలు రాశారు. నడక, రాజకీయం ఒకటయ్యేది ఇక్కడే.

సాన్ గేబ్రియేల్ కొండలే దీనికి మంచి సాక్ష్యం. లాస్ ఏంజెలెస్ కౌంటీలోని బహిరంగ ప్రదేశాల్లో 70 శాతం ఈ కొండలే. కోటిన్నర మందికి పైగా జనం వీటికి గంటన్నర ప్రయాణ దూరంలో ఉన్నారు. కొండల కింది లా ప్యూఎంతేలో పెరిగిన హిల్డా సోలిస్ కాంగ్రెస్ సభ్యురాలిగా ఉండగా, ఈ ప్రాంతానికి ఎలాంటి రక్షణ ఇవ్వాలో అధ్యయనం చేయించే చట్టం 2003లో తెచ్చారు. తరువాతి పదేళ్లలో పౌర సంఘాలు, చర్చిలు, నడక బృందాలు సాన్ గేబ్రియేల్ మౌంటెన్స్ ఫరెవర్ అనే కూటమిగా ఏర్పడి ఒత్తిడి తెచ్చాయి. కాంగ్రెస్‌లో బిల్లు కదలకపోవడంతో అధ్యక్షుడు ఒబామా 1906 నాటి పురాతన వారసత్వ చట్టం కింద 2014 అక్టోబర్ 10న 3,46,177 ఎకరాలను జాతీయ స్మారక ప్రాంతంగా ప్రకటించారు. 2024 మే నెలలో బైడెన్ దాదాపు మరో లక్షా ఆరువేల ఎకరాలు చేర్చారు. ఒబామా ప్రకటనలో దృశ్య సౌందర్యంతో పాటు, పార్కులు కరువైన నగరానికి ఈ కొండల అవసరం కూడా కారణంగా చోటు చేసుకుంది. ఆర్గనైజర్ల వాదన ప్రభుత్వ పత్రంలోకి ఎక్కిందన్న మాట.

అయితే ప్రకటన వేరు, ప్రయాణం వేరు. మెట్రో రైలు 2016లో అజూసా దాకా వచ్చింది. ఆ స్టేషన్ ప్లాట్‌ఫారం మీద నిలబడితే కొండలు ఎదురుగా కనిపిస్తాయి. ఏటి ఒడ్డు అక్కడి నుంచి ఇంకా పది మైళ్లకు పైమాటే, ఆ మైళ్లకు కారే దిక్కు. స్మారక హోదా నేలను గనుల నుంచి, అమ్మకం నుంచి కాపాడుతుంది. దానితో డ్రైవర్ జీతం రాదు, డీజిల్ రాదు. కొండ కోసం సంతకాలు సేకరించడం కంటే ఆదివారం ఉదయం నడిచే ఒక్క బస్సు రూటును ఏళ్లపాటు నిలబెట్టడం కష్టమన్నది ఈ ఉద్యమం నేర్పిన చేదు పాఠం. ఎందుకంటే బస్సు రవాణా సంస్థది, రోడ్డు కౌంటీది, అడవి ఫెడరల్ ప్రభుత్వానిది. ముగ్గురికీ ఇది తమ పని కాదు.

అందుకే చాలామంది ఆర్గనైజర్లు ఇంటి దగ్గరి నేల మీదే ఎక్కువ శక్తి పెట్టారు. లాస్ ఏంజెలెస్ చైనాటౌన్ పక్కన, కార్న్‌ఫీల్డ్ అని పిలిచే 32 ఎకరాల పాత రైల్వే యార్డులో గోదాములు కట్టే ప్రతిపాదన వచ్చినప్పుడు, చైనీయులు, లాటినోలు, నది ప్రేమికులు, పౌరహక్కుల న్యాయవాదులు కూటమి కట్టారు. పర్యావరణ ప్రభావాన్ని పూర్తిగా పరిశీలించకుండా సబ్సిడీ ఇవ్వబోమని 2000లో ఫెడరల్ గృహనిర్మాణ శాఖ చెప్పడంతో గోదాముల లెక్క తప్పింది. 2001లో రాష్ట్రం స్థలాన్ని కొన్నది. పూర్తిస్థాయి పార్కు 2017లో తెరుచుకుంది. పర్యావరణ వాదనకు పౌరహక్కుల చట్టం తోడైతే ఏం జరుగుతుందో ఈ కేసు చూపించింది. అంతకంటే పాత ఉదాహరణ సాన్ డియేగోలో ఉంది. బారియో లోగన్‌ను చీల్చుతూ కట్టిన వంతెన కింద పార్కు ఇస్తామని చెప్పి పోలీసు స్టేషన్‌కు నేల చదును చేయడం మొదలుపెట్టినప్పుడు, జనం బుల్డోజర్లకు అడ్డం నిలబడి ఆ నేలను ఆక్రమించి మొక్కలు నాటారు; అదే ఇప్పటి చికానో పార్కు. అది 1970 ఏప్రిల్ 22. దేశమంతా మొదటి ధరిత్రీ దినోత్సవం జరుపుకున్నదీ ఆ రోజే. ఆ దినోత్సవం చరిత్రలో చికానో పార్కు పేరు ఎంత అరుదుగా వస్తుందో గమనిస్తే, పర్యావరణ ఉద్యమం ఎవరిని తనవారుగా లెక్కించుకుందో అర్థమవుతుంది.

పార్కు వచ్చాక అద్దె పెరిగితే ఎవరి కోసం వచ్చినట్టు? ఈ ప్రశ్నకు షికాగోలోని 606 నడకదారి జవాబు చెప్పింది. పాత రైలు కట్ట మీద 2.7 మైళ్ల పొడవున 2015లో తెరిచిన ఆ దారి పడమటి సగం లాటినో పేటల గుండా పోతుంది. డిపాల్ విశ్వవిద్యాలయ గృహ అధ్యయన సంస్థ లెక్క ప్రకారం, ఆ సగానికి దగ్గర్లోని ఇళ్ల ధరలు మూడేళ్లలో 48 శాతం పెరిగాయి. దారి కోసం ఎదురుచూసిన కుటుంబాలే దారి వచ్చాక ఇల్లు ఖాళీ చేశాయి. చిన్న అపార్టుమెంట్లను కూల్చి ఒకే కుటుంబం ఉండే ఇళ్లు కట్టడాన్ని అడ్డుకునే నిబంధన నగరం తెచ్చేసరికి 2021 వచ్చింది. లిటిల్ విలేజ్‌లో కూడా పాత రైలు మార్గం మీద ఇలాంటి దారి వేసే ప్రతిపాదన ఉంది, అక్కడివాళ్లు ముందు అద్దెల సంగతి తేల్చమంటున్నారు. చెట్టు నాటే ముందు అద్దె ఒప్పందం చూడాలనడం విడ్డూరంగా వినిపించవచ్చు, కాని 606 తరువాత ఆ క్రమాన్ని తిరగేయమని చెప్పడం కష్టం.

పెరిగే అద్దె ఒక అడ్డంకి అయితే, రెండో అడ్డంకి భయం. అటవీ శాఖ, ఉద్యాన శాఖ ఉద్యోగుల ఆకుపచ్చ దుస్తులు, బ్యాడ్జి, నడుం పట్టీ దూరం నుంచి చూస్తే సరిహద్దు గస్తీవారిలాగే కనిపిస్తాయి. కాగితాలు లేనివారున్న ఇంట్లో ఆ పోలిక ఒక్కటే చాలు, ఆ ఆదివారం ప్రయాణం ఆగిపోవడానికి. రేంజర్‌ను చర్చి హాలుకు మామూలు దుస్తుల్లో రప్పించి పరిచయం చేయడం, స్పానిష్ మాట్లాడే స్థానిక యువకులకే ఆ ఉద్యోగాలు వచ్చేలా చూడడం దీనికి కనిపెట్టిన విరుగుడు. అది నెమ్మదిగా పనిచేస్తూ వచ్చింది. 2025 వేసవిలో లాస్ ఏంజెలెస్‌లో వలస అధికారుల దాడులు మొదలయ్యాక లెక్కలు తారుమారయ్యాయి. జులై 7న ఫెడరల్ ఏజెంట్లు, నేషనల్ గార్డ్ సైనికులు మెకార్థర్ పార్కులోకి దిగినప్పుడు అక్కడ వేసవి శిబిరంలో ఉన్న పిల్లలను హడావుడిగా లోపలికి తీసుకెళ్లాల్సి వచ్చింది. మధ్య అమెరికా దేశాల నుంచి వచ్చినవాళ్లు కిక్కిరిసి బతికే వెస్ట్‌లేక్ పేటకు ఆ పార్కే పెరడు. ఫెడరల్ అడవి కంటే నగరపు పార్కు భద్రమని చెప్పే వీలు దీంతో లేకుండా పోయింది.

యాత్రలు నడిపే సంస్థల ముందు ఇప్పుడున్న చిక్కు చాలా చిన్న కాగితం దగ్గర ఉంది. బీమా కోసం, నిధులిచ్చిన ఫౌండేషన్‌కు లెక్క చూపడం కోసం వచ్చినవారి పేర్లు, చిరునామాలు, ఫోన్ నంబర్లు రాయించుకోవాలి. ఆ పట్టిక ఎవరి చేతికైనా చిక్కితే ఏమవుతుందని ఒక తల్లి అడిగితే ఆర్గనైజర్ నిజాయితీగా చెప్పగలిగింది తక్కువ. తలలు లెక్కపెట్టి సంఖ్య మాత్రమే పంపితే చాలునని నిధులిచ్చేవారు ఒప్పుకుంటే సగం చిక్కు తీరుతుంది. మిగతా సగం బీమా కంపెనీ దగ్గర ఉంది.